400 ఫిల్మును 1600 దగ్గర తీశాను, నీడలన్నీ ఖాళీ. డెవలపింగ్ సమయం పెంచాలా?

ముందు మీ ప్రశ్నను నాకు అర్థమైనంతలో చెబుతాను, పొరపాటు ఉంటే సరిదిద్దండి. సాయంత్రం ఒక హాలులో, పైకప్పు దీపాల వెలుతురులో, నాటక రిహార్సల్ ఫొటోలు తీశారు. కెమెరాలో ఉన్నది ఇల్ఫర్డ్ హెచ్‌పీ5 ప్లస్, అంటే 400 ఫిల్ము (ఈ అంకె ఫిల్ము వేగం; అంకె పెద్దదైనకొద్దీ తక్కువ కాంతి చాలు). వెలుతురు చాలదని మీటరును 1600 దగ్గర పెట్టి రోలంతా తీశారు. ఇంట్లోనే ఐడి-11 అనే డెవలపర్ రసాయనంలో 14 నిమిషాలు డెవలప్ చేశారు. జుట్టు, నల్లని దుస్తులు, గది మూలలు నెగెటివ్‌లో గాజుముక్కలా ఖాళీగా ఉన్నాయి. దీపం కింద నిలబడినవారి ముఖాలేమో స్కాన్‌లో సుద్దలా తెల్లబడ్డాయి. ఫిల్ము అంచు రంధ్రాల పక్కన చారలు కూడా ఉన్నాయి. ఇప్పుడు సమయం ఇంకా పెంచాలా, లేక 3200 ఫిల్ము కొనాలా అన్నది మీ సందేహం.

సమయం పెంచవద్దు. మీ ఫిల్ము డెవలపర్‌లో ఇప్పటికే అవసరానికి మించి ఉంది. నీడలు ఖాళీ కావడానికి కారణం ట్యాంకులో లేదు, కెమెరాలో ఉంది: ఆ చోట్లకు చాలినంత కాంతి చేరలేదు. వచ్చే రోలుకు నాలుగు పనులు చేయండి. మీటరింగ్ నీడల మీద చేయండి. వీలైన ప్రతిచోటా 1600 బదులు 800 వాడండి. ఐడి-11 బదులు మైక్రోఫెన్ గానీ డీడీ-ఎక్స్ గానీ తెచ్చుకోండి. ద్రావణాల ఉష్ణోగ్రతను థర్మామీటరుతో కొలిచి, ట్యాంకును నెమ్మదిగా తిప్పండి. 3200 ఫిల్ము విషయం తర్వాత చెబుతాను. అది మీకు పనికొస్తుంది, కానీ డబ్బా మీది అంకె చూసి మీరు ఆశిస్తున్నంత కాదు.

ఇక కారణాలు. ఇవి తెలియకపోతే ఏ సలహా అయినా ఒక రోలుకు పనిచేసి ఇంకో రోలుకు ఎదురు తిరుగుతుంది.

ఫిల్ము మీది పూతలో వెండి హాలైడ్ స్ఫటికాలు కోట్ల సంఖ్యలో ఉంటాయి. కాంతి తగిలినప్పుడు ఒక్కో స్ఫటికంలో కొన్ని వెండి పరమాణువులు ఒకచోట చేరతాయి. అలా కనీసం మూడు నాలుగు పరమాణువుల గుంపు ఏర్పడితేనే డెవలపర్ ఆ స్ఫటికాన్ని గుర్తించి మొత్తంగా వెండిగా మార్చగలదు. అంతకంటే తక్కువ కాంతి తగిలిన స్ఫటికానికీ, అసలు కాంతే తగలని స్ఫటికానికీ డెవలపర్ దృష్టిలో పెద్ద తేడా లేదు. సమయం పెంచినకొద్దీ ఏమవుతుంది? గుంపు ఏర్పడిన స్ఫటికాలన్నీ, అంటే ముఖాలు, తెల్లచొక్కాలు, దీపాలు, మరింత దట్టమవుతాయి. గుంపు లేనివి అలాగే ఉండిపోతాయి. ఇంకా పెంచితే కాంతి తగలనివి కూడా అక్కడక్కడ నల్లబడడం మొదలవుతుంది. దాన్నే ఫాగ్ అంటాం. అది నీడలో వివరం కాదు, ఫిల్మంతటా పరుచుకున్న బూడిద.

కాబట్టి పుష్ చేయడమంటే ఫిల్ము వేగాన్ని పెంచడం అనుకోకండి. తక్కువ కాంతితో తీసిన రోలులో మధ్యస్థాయి టోన్‌లను పైకి లాగి, స్కాన్‌కో ప్రింటుకో పనికొచ్చేలా చేయడమే పుష్. అందుకు చెల్లించే మూల్యం నీడలు. 400 ఫిల్మును 1600 దగ్గర తీయడమంటే రెండు స్టాప్‌ల కాంతిని వదులుకోవడం (ఒక స్టాప్ తగ్గితే కాంతి సగమవుతుంది). ఆ రెండు స్టాప్‌లూ నీడల్లోంచే పోతాయి.

దీన్ని ఒకరు చెబితే నమ్మడం కన్నా కళ్లారా చూడడం మేలు. చాలా ఏళ్ల క్రితం నేను ఒక రోలును దీనికోసమే కేటాయించాను. కిటికీ పక్కన కుర్చీ, దాని మీద నల్లని ఉన్ని శాలువా, పక్కన తెల్లటి తువ్వాలు. అదే దృశ్యాన్ని 400, 800, 1600, 3200 లెక్కల ప్రకారం వరసగా తీసి, మళ్లీ మొదటి నుంచి అదే వరస, రోలు అయ్యేవరకు. మొత్తాన్నీ 1600కి చెప్పిన సమయం ప్రకారమే డెవలప్ చేశాను. 400 దగ్గర తీసిన ఫ్రేములో శాలువా నేత, మడతల లోపలి నీడ కూడా కనిపించాయి, కానీ తువ్వాలు గోడలా దట్టంగా ఉంది. 800 దగ్గర శాలువా మడతలు ఉన్నాయి, నేత కొంత పోయింది. 1600లో మడతల అంచులు మాత్రమే మిగిలాయి. 3200లో కుర్చీ మీద నల్లటి గుడ్డ ఉందని చెప్పడానికి దాని ఆకారం ఒక్కటే ఆధారం. నాలుగింటికీ డెవలపర్ ఒకటే, సమయం ఒకటే. మారినది కెమెరాలో పడిన కాంతి మాత్రమే. ఒక్క రోలు ఇలా ఖర్చుపెట్టండి. మీ కెమెరా, మీ మీటరు, మీ పనితీరు కలిస్తే ఏమి వస్తుందో అది చెప్పినట్టు ఏ పట్టికా చెప్పలేదు.

మీటరింగ్. హాలులో పైకప్పు దీపం ఫ్రేములో పడిందంటే కెమెరాలోని మీటరు దాన్ని చూసి వెలుతురు బాగా ఉందని పొరబడుతుంది. అప్పుడు మీరు 1600 అనుకుని తీసిన ఫ్రేములు నిజానికి 3200 లెక్కకో అంతకన్నా ఎక్కువకో జారిపోతాయి. నెగెటివ్‌లు అంత పలుచగా రావడానికి సగం కారణం ఇదేనని నా అనుమానం. ఆన్సెల్ ఆడమ్స్, ఫ్రెడ్ ఆర్చర్ 1940 ప్రాంతంలో రూపొందించిన జోన్ పద్ధతిలో దీనికి మంచి మార్గం ఉంది. వివరం ఉండి తీరాలని మీరు కోరుకునే నీడను ఎంచుకోండి, దాని మీదే మీటరు పెట్టండి, వచ్చిన రీడింగు కంటే రెండు స్టాప్‌లు తక్కువ కాంతి ఇవ్వండి. మీటరు ఏది చూసినా దాన్ని మధ్యస్థాయి బూడిదరంగుగా లెక్కిస్తుంది. రెండు స్టాప్‌లు తగ్గిస్తే ఆ నీడ ముదురుగా, కానీ వివరంతో వస్తుంది.

రిహార్సల్‌లో ఒక్కో ఫ్రేముకూ ఇలా లెక్కవేసే తీరిక ఉండదు. నేను చేసేది ఇది: హాలులోకి వెళ్లగానే దీపం కింద ఒకటి, దీపాల మధ్య చీకటిగా ఉన్నచోట ఒకటి, గోడ దగ్గర ఒకటి చొప్పున మూడు చోట్ల నా అరచేతిని మీటరు చేస్తాను. అరచేయి మధ్యస్థాయి బూడిద కంటే సుమారు ఒక స్టాప్ ప్రకాశవంతం, కాబట్టి వచ్చిన రీడింగు కంటే ఒక స్టాప్ ఎక్కువ కాంతి ఇస్తాను. మూడు అంకెలూ గుర్తుపెట్టుకుని, మనిషి ఎక్కడ నిలబడితే అక్కడి అంకె వాడతాను. కెమెరా సూచిక ఆ తర్వాత ఏమి చెప్పినా పట్టించుకోను.

ఒక అంచనా కోసం: రాత్రిపూట మామూలు ఇంటి దీపాల వెలుతురులో 1600 దగ్గర లెన్సు రంధ్రం ఎఫ్ 2, షట్టరు సెకనులో 1/125 వంతు దాకా రావచ్చు. అదే 800 అయితే 1/60. ఈ ఒక్క స్టాప్ కోసం అంత పట్టుదల ఎందుకు అని అడుగుతారేమో. పైన చెప్పిన శాలువా మడతలన్నీ ఆ ఒక్క స్టాప్‌లోనే ఉన్నాయి. నటుడు సంభాషణ మధ్యలో ఆగే క్షణాలుంటాయి, చెయ్యి పైకెత్తి దించబోయే ముందు ఒక విరామం ఉంటుంది. అప్పుడు 1/30 కూడా చాలు. మోచేతులు ఒంటికి ఆనించి, తలుపు చట్రానికి వీపు ఆన్చి, ఊపిరి వదిలి నొక్కండి. కదలిక వల్ల చెయ్యి కాస్త మసకబారినా ముఖంలో నీడ బతికి ఉన్న ఫొటోనే నేను ఎంచుకుంటాను. ఇది నా అభిరుచి. ఆటల ఫొటోలు తీసేవారు వేరేలా చెబుతారు, వారి అవసరం వేరు.

డెవలపర్. ఐడి-11 మంచిదే. కొడాక్ డి-76 సూత్రానికి అది సాటి. 1920లనాటి ఆ సూత్రం ఇన్నేళ్లు నిలిచిందంటే ఊరికే కాదు. నేను మామూలు వెలుతురులో తీసిన 400 ఫిల్ముకు ఈనాటికీ అదే వాడతాను. కానీ పుష్ చేసేటప్పుడు ఫెనిడోన్ అనే రసాయనం ఆధారమైన డెవలపర్లు నీడల్లో కొంచెం ఎక్కువ రాబడతాయి. మైక్రోఫెన్, డీడీ-ఎక్స్ ఆ రకానివే. లాభం స్టాప్‌లో చిన్న వంతే, అద్భుతం కాదు. అయినా అంచున ఉన్న నీడకు ఆ వంతే ప్రాణం.

హెచ్‌పీ5 ప్లస్‌కు 20 డిగ్రీల దగ్గర ఇల్ఫర్డ్ ఇచ్చే సమయాలు ఇవి. ఐడి-11 పలుచన చేయకుండా వాడితే 400కు ఏడున్నర నిమిషాలు, 800కు పదిన్నర, 1600కు 14. మైక్రోఫెన్ అలాగే వాడితే 400కు ఆరున్నర, 800కు 8, 1600కు 11, 3200కు 16. డీడీ-ఎక్స్ ఒక వంతుకు నాలుగు వంతుల నీళ్లు కలిపితే 400కు 9, 800కు 10, 1600కు 13, 3200కు 20 నిమిషాలు. డీడీ-ఎక్స్ ద్రవరూపంలో వస్తుంది, కొలిచి కలిపితే చాలు. మైక్రోఫెన్ పొడి, వేడినీళ్లలో కరిగించి పూర్తిగా చల్లారాకే వాడాలి. నెలకు ఒకటి రెండు రోళ్లు చేసేవారికి ద్రవమే సుఖం.

రోడినాల్‌ను వంద వంతుల నీళ్లలో కలిపి గంటసేపు కదపకుండా వదిలేస్తే ఎంత పుష్ చేసిన ఫిల్మయినా బాగా వస్తుందని చాలామంది చెబుతారు. నేను నాలుగైదు రోళ్లు అలా చేశాను. నీడల్లో ఏమీ అదనంగా రాలేదు, గ్రెయిన్, అంటే ఫొటోలో కనిపించే రేణువులు, మాత్రం కంకరలా తేలింది. రోడినాల్ 1891 నుంచి ఉన్న డెవలపర్, నెమ్మది ఫిల్ములకు దాని పదును నాకెంతో ఇష్టం. వేగవంతమైన ఫిల్మును చీకట్లో తీసినప్పుడు మాత్రం దాని జోలికి వెళ్లను.

ఉష్ణోగ్రత. మీ ప్రశ్నలో నాకు ఎక్కువ అనుమానం కలిగించిన మాట "నీళ్లు ఇంచుమించు గది వేడిలో ఉన్నాయి" అన్నది. ఆ 14 నిమిషాలు 20 డిగ్రీలకు ఉద్దేశించినవి. మీ గది 26 డిగ్రీలు ఉంటే అదే 14 నిమిషాలు చాలా ఎక్కువైపోతాయి. ముఖాలు సుద్దలా మారడానికి అసలు కారణం బహుశా ఇదే. ఉష్ణోగ్రత ఒక్కో డిగ్రీ పెరిగినప్పుడు సమయం సుమారు పదో వంతు తగ్గాలని గుర్తుంచుకోండి. 24 డిగ్రీల దగ్గర ఆ 14 నిమిషాలు దాదాపు పదికి దిగుతాయి. వేడి ప్రదేశంలో ఉండేవారు 20 కోసం మంచుతో కుస్తీ పడనవసరం లేదు. 24 దగ్గర స్థిరంగా చేసుకుంటే చాలు. ఒకటే షరతు: లెక్కవేసిన సమయం ఐదు నిమిషాల కంటే తక్కువకు దిగకూడదు. అంత తక్కువ సమయంలో డెవలపర్ పోయడంలో పది సెకన్లు ఆలస్యమైనా చారలుగా కనిపిస్తుంది. పుష్ చేసేటప్పుడు సమయాలు ఎలాగూ పొడవే కాబట్టి ఈ ఇబ్బంది మీకు రాదు.

నేను వాడేది చాలా సరళమైన పద్ధతి. వెడల్పాటి తొట్టిలో 24 డిగ్రీల నీళ్లు పోసి డెవలపర్, దాని పనిని ఆపే స్టాప్ బాత్, మిగిలిపోయిన వెండి హాలైడ్‌ను కరిగించే ఫిక్సర్ సీసాలను, ఖాళీ ట్యాంకును అందులో నిలబెడతాను. అరగంటలో అన్నీ ఒకే వేడికి వస్తాయి. డెవలప్ చేస్తున్నంతసేపూ, తిప్పే వేళలు తప్ప, ట్యాంకు ఆ నీళ్లలోనే ఉంటుంది. కడిగే నీళ్లు కూడా అదే వేడికి దగ్గరగా ఉండాలి. వేడి ద్రావణంలోంచి తీసి చల్లటి నీళ్లలో ముంచితే జెలటిన్ ముడతలు పడి ఫిల్మంతా బీటలువారిన చెరువు అడుగులా అవుతుంది. దానికి మందు లేదు.

థర్మామీటరును కూడా గుడ్డిగా నమ్మకండి. ఒక ఏడాదిపాటు నా నెగెటివ్‌లన్నీ కాస్త దట్టంగా వస్తుంటే డెవలపర్‌ను, కెమెరా షట్టరును, చివరికి నా కళ్లను కూడా అనుమానించాను. తీరా ఇంకో రెండు థర్మామీటర్లు పక్కన పెట్టి చూస్తే నాది రెండు డిగ్రీలు తక్కువ చూపిస్తోంది. అప్పటి నుంచి ఏటా ఒకసారి పోల్చి చూసుకుంటాను.

తిప్పడం. రంధ్రాల పక్కన చారలు వచ్చాయన్నారు. ట్యాంకును బలంగా ఊపినప్పుడు డెవలపర్ ఆ రంధ్రాల్లోంచి వేగంగా దూసుకెళ్లి, వాటి ఎదురుగా ఉన్న భాగాన్ని ఎక్కువ డెవలప్ చేస్తుంది. నెగెటివ్‌లో ముదురు చారలు, ఫొటోలో తెల్లటి చారలు. ఇల్ఫర్డ్ చెప్పే పద్ధతి: మొదటి 10 సెకన్లలో నాలుగుసార్లు తలకిందులు చేయడం, ఆ తర్వాత ప్రతి నిమిషం మొదట్లో 10 సెకన్లలో నాలుగుసార్లు. అంటే ఒక్కోసారికి రెండున్నర సెకన్లు. గ్లాసులోని నీళ్లను ఒలకకుండా ఇంకో గ్లాసులోకి వంచినంత నిదానం. తిప్పడం అయ్యాక ట్యాంకు అడుగును నేలకు ఒకసారి తట్టండి, గాలిబుడగలు ఊడిపోతాయి. లేకపోతే వాటి ఆకారంలో గుండ్రటి మచ్చలు మిగులుతాయి. పుష్ చేస్తున్నాం కదా అని అదనంగా ఊపడం చాలామంది చేసే పొరపాటు. దానివల్ల పెరిగేది మళ్లీ ముఖాల దట్టమే.

ఇక 3200 ఫిల్ము. ఇప్పుడు దొరికేవి ప్రధానంగా రెండు: ఇల్ఫర్డ్ డెల్టా 3200, కొడాక్ టీ-మ్యాక్స్ పీ3200. రెండోది 1988లో వచ్చింది, 2012లో ఆగిపోయింది, 2018లో తిరిగి వచ్చింది. డెల్టా 1998లో వచ్చింది. డబ్బా మీద 3200 అని ఉన్నా, ప్రామాణిక పద్ధతిలో కొలిస్తే డెల్టా వేగం ఐఎస్ఓ 1000. పీ3200 వేగం డెవలపర్‌ను బట్టి 800 నుంచి 1000. ఆ పేరులోని "పీ" పుష్‌కు గుర్తు. ఇది మోసం కాదు. ఈ ఫిల్ములను తక్కువ కాంట్రాస్ట్‌తో తయారుచేశారు, అందువల్ల 3200 దాకా పుష్ చేసినా ముఖాలు అంత తొందరగా సుద్దబారవు.

అంటే హెచ్‌పీ5 ప్లస్ మీద మీకు నిజంగా కలిసొచ్చేది ఒకటిన్నర స్టాప్ కంటే కొంచెం తక్కువ. అదేమీ చిన్నది కాదు. 1600 దగ్గర తప్పనిసరిగా తీయాల్సి వస్తే డెల్టా 3200 నీడలు హెచ్‌పీ5 నీడల కంటే స్పష్టంగా మెరుగు. 800 దగ్గరే పని జరిగిపోతే హెచ్‌పీ5 ప్లస్ గానీ కొడాక్ ట్రై-ఎక్స్ 400 గానీ వాడండి. గ్రెయిన్ తక్కువ, ధర తక్కువ, నిల్వ కూడా సులువు. నేను డెల్టా 3200ను 1600 దగ్గర తీసి, 3200కు చెప్పిన సమయం ఇస్తాను. డీడీ-ఎక్స్‌లో ఒకటికి నాలుగు చొప్పున, 20 డిగ్రీల దగ్గర తొమ్మిదిన్నర నిమిషాలు. 1600కు ఇచ్చిన 8 నిమిషాలు నా కళ్లకు చప్పగా ఉంటాయి. స్కాన్ మాత్రమే చేసేవారికి ఆ చప్పదనమే మేలు కావచ్చు, రెండూ చేసి చూడండి.

గ్రెయిన్ గురించి కూడా రాశారు, ఇసుక చల్లినట్టు ఉందని. స్ఫటికం పెద్దదైతే కాంతిని పట్టే అవకాశం ఎక్కువ, అందుకే వేగవంతమైన ఫిల్ములో స్ఫటికాలు పెద్దవి. గ్రెయిన్ దాని నుంచి విడదీయలేనిది. కానీ మీ స్కాన్‌లో కనిపిస్తున్న ఇసుకలో కొంత ఫిల్ముది కాదు. ఖాళీగా ఉన్న నీడలను సాఫ్ట్‌వేర్‌లో బలవంతంగా పైకి లేపినప్పుడు స్కానర్ తన సొంత రొదను కలుపుతుంది. సరిగ్గా ఎక్స్‌పోజ్ చేసిన 400 ఫిల్ములో గ్రెయిన్ ముఖానికి చర్మంలా అమరిపోతుంది. నాకు ఈ ఫిల్ములంటే ఇంత ఇష్టం కలగడానికి అదే కారణం.

3200 రకం తీసుకుంటే మరికొన్ని జాగ్రత్తలు. అవి ఎక్కువకాలం నిలవవు. పరిసరాల్లో సహజంగా ఉండే రేడియేషన్ ప్రభావం వేగవంతమైన ఫిల్ము మీద త్వరగా పడుతుంది, చల్లగా ఉంచినా దాన్ని పూర్తిగా ఆపలేం. సొరుగులో రెండేళ్లు మర్చిపోయిన ఒక రోలు నాకు బూడిదరంగు పొరతో తిరిగి వచ్చింది. కొన్నవి త్వరగా వాడండి, తీసినవి అదే వారం డెవలప్ చేయండి. ఫ్రిజ్‌లోంచి తీస్తే గది వేడికి వచ్చేవరకు డబ్బా మూత తెరవకండి, తేమ పడుతుంది. కెమెరాలో ఎక్కించేటప్పుడు నీడపట్టున ఉండండి. విమాన ప్రయాణంలో చేతితో తనిఖీ చేయమని అడగండి. కొత్త సీటీ స్కానర్లు ఏ వేగపు ఫిల్ముకైనా ప్రమాదమే. చెక్-ఇన్ సామానులో అసలు పెట్టవద్దు.

డార్క్‌రూమ్ లేదని బాధపడ్డారు. అక్కరలేదు. ఫిల్మును రీలుకు ఎక్కించి ట్యాంకులో పెట్టి మూత బిగించేవరకే చీకటి కావాలి. ఛేంజింగ్ బ్యాగు, అంటే చేతులు దూర్చి పనిచేసే కాంతి చొరని సంచి, చాలు. ఎర్రదీపం మాత్రం వెలిగించకండి. అది ప్రింటింగ్ కాగితానికి పనికొస్తుంది, ఈ ఫిల్ములు ఎరుపును కూడా చూస్తాయి. గదిలోనే చేస్తే దీపం ఆర్పి ఐదు నిమిషాలు కదలకుండా కూర్చోండి. కళ్లు అలవాటుపడ్డాక తలుపు కింది సందు, ఛార్జరు చుక్క, గడియారం ముల్లు ఒక్కొక్కటిగా బయటపడతాయి. 100 ఫిల్ముకు ఏమీ కాని వెలుగు 3200 ఫిల్ము అంచును కాల్చేస్తుంది.

రీలు ఎక్కించడం పాడైన రోలుతో పగటిపూట పదిసార్లు, కళ్లు మూసుకుని పదిసార్లు చేయండి. ప్లాస్టిక్ రీలు పూర్తిగా పొడిగా ఉండాలి, తడి తగిలితే ఫిల్ము మధ్యలో పట్టేస్తుంది. ఫిల్ము చివర రెండు మూలలూ కత్తెరతో కాస్త గుండ్రంగా కత్తిరిస్తే రీలులోకి సులువుగా జారుతుంది. బ్యాగులో చేతులు చెమట పడితే బలప్రయోగం చేయకండి. ఫిల్మును ట్యాంకులో పడేసి, మూత బిగించి, చేతులు బయటికి తీసి ఆరబెట్టుకుని మళ్లీ మొదలుపెట్టండి.

స్టాప్ బాత్, ఫిక్సర్ దగ్గర పెద్దగా చెప్పేదేమీ లేదు, ఒక్కటి తప్ప: ఫిక్సర్ బతికుందో లేదో ప్రతిసారీ చూసుకోండి. రీలుకు ఎక్కించే ముందు కత్తిరించిన ఫిల్ము ముక్కను ఫిక్సర్‌లో వేసి, అది పూర్తిగా పారదర్శకం కావడానికి ఎంతసేపు పట్టిందో చూడండి. దానికి రెట్టింపు సమయం మీ రోలుకు ఇవ్వాలి. టీ-మ్యాక్స్ రకానికి మూడింతలు ఇస్తాను, అవి ఫిక్సర్‌ను ఎక్కువ తింటాయి. ఫిల్ము పాలలా మసకగా వస్తే భయపడకండి, తాజా ఫిక్సర్‌లో మళ్లీ వేస్తే సరిపోతుంది. అలా నేను ఒక పెళ్లి రోలును కాపాడుకున్నాను. వాడేసిన ఫిక్సర్‌లో వెండి కరిగి ఉంటుంది, కాలువలో పోయకుండా సీసాలో దాచి రసాయన వ్యర్థాలు తీసుకునేచోట ఇవ్వండి. ఈ పనికి వాడిన కొలపాత్రలు, గరిటెలు మళ్లీ వంటకు వాడకూడదు, సీసాల మీద పేర్లు రాసి పిల్లలకు అందనిచోట పెట్టండి.

కడగడానికి గంటలసేపు కుళాయి విప్పనవసరం లేదు. ట్యాంకు నిండా నీళ్లు పోసి ఐదుసార్లు తిప్పి పారబోయండి, మళ్లీ నింపి పదిసార్లు, మళ్లీ నింపి ఇరవైసార్లు. రాపిడ్ ఫిక్సర్ వాడితే ఇది చాలు. చివరగా, నీటిమరకలు పడకుండా చేసే వెటింగ్ ఏజెంట్ రెండు చుక్కలు కలిపిన నీళ్లలో ముంచి, దుమ్ములేని చోట వేలాడదీయండి. తడిఫిల్మును వేళ్లతో గానీ రబ్బరు పట్టీతో గానీ తుడవద్దు, ఒక్క ఇసుకరేణువు చాలు, రోలు పొడవునా గీత పడుతుంది.

ఇప్పుడు మీ దగ్గరున్న ఆ రోలు సంగతి. దాన్ని పారేయకండి. ఇంటెన్సిఫయర్ రసాయనాలతో బాగుచేయవచ్చని ఎవరైనా చెబితే ఆ ప్రయత్నం చేయవద్దు. లేని వివరాన్ని అవి తేలేవు, ఉన్న ముఖాలను మరింత దట్టం చేస్తాయి. స్కాన్ చేసేటప్పుడు నీడలను పైకి లేపడం మానేసి, నిండు నలుపుగానే వదలండి. ముఖాల కోసం స్కానర్ ఎక్స్‌పోజర్ పెంచి అదే ఫ్రేమును రెండోసారి స్కాన్ చేయండి. దట్టమైన చోట్ల మీరు అనుకున్నదానికంటే ఎక్కువ వివరం దాగి ఉంటుంది, సుద్దబారినట్టు కనిపించేది చాలావరకు స్కానర్ పరిమితి. ప్రింటు వేయించగలిగితే తక్కువ కాంట్రాస్ట్ ఇచ్చే గ్రేడ్ 1 దగ్గర మొదలుపెట్టమని, ముఖాలకు విడిగా కాస్త ఎక్కువ కాంతి ఇమ్మని చెప్పండి. చీకటి హాలులో దీపం కింద వెలుగుతున్న ముఖాలు, చుట్టూ నలుపు: రిహార్సల్ ఫొటోలకు అది నప్పే రూపమే. రెండు మూడు ఫ్రేములైనా మీకు నచ్చేలా వస్తాయి. వచ్చే రోలుకు ఏ డెవలపర్ దొరికిందో, మీ నీళ్లు అసలు ఎన్ని డిగ్రీలున్నాయో రాస్తే సమయం కలిసి లెక్కవేద్దాం.